పాత ఫుటేజీతో పని: క్యాటలాగు నుంచి మాస్టరు దాకా

డాక్యుమెంటరీలోనో టీవీ సిరీస్‌లోనో పాత ఫుటేజీ వాడాలనుకున్నప్పుడు అందరి చూపూ బొమ్మ మీదే ఉంటుంది. దొరికిందా, మసకగా ఉందా, గీతలు పోతాయా అనే అడుగుతారు. తీరా ఎడిట్ లాక్ (కూర్పు ఖరారు) అయ్యాక పని ఎక్కడ ఆగుతుందంటే, టైమ్‌లైన్ మీదున్న నాలుగు సెకన్ల షాటు ఏ రీలులోదో, ఎవరిచ్చారో, ఏ షరతు మీద ఇచ్చారో చెప్పగలిగేవాళ్ళు యూనిట్‌లో ఒక్కరూ లేనప్పుడు. గీతలున్న షాటు ప్రసారమవుతుంది. ఊరూ పేరూ లేని షాటు ప్రసారం కాదు. అందుకే ఈ పనిలో మొదటి పనిముట్టు లాగ్‌షీటు. ఒక్క క్లిప్ డౌన్‌లోడ్ చేయకముందే దాన్ని తెరవాలి.

లాగ్‌షీటు

మామూలు స్ప్రెడ్‌షీటు చాలు, క్లిప్‌కి ఒక వరస. మనం ఇచ్చుకున్న నంబరు, ఇచ్చిన సంస్థ, వాళ్ళ క్యాటలాగు నంబరు, అక్కడున్న శీర్షిక ఉన్నదున్నట్టుగా, సంఘటన తేదీ, విడుదలైన సంవత్సరం, అసలు ఏ మాధ్యమం మీద తీశారు (35 మి.మీ., 16 మి.మీ., యూమాటిక్, బీటాక్యామ్, వీహెచ్ఎస్ టేపులు), ఫ్రేమ్ రేటు, శబ్దం ఉందా లేదా, హక్కుదారు ఎవరు, లైసెన్సు ఏ దశలో ఉంది, రేటెంత, మనం స్వయంగా సరిచూసిన వివరం ఏది. సంఘటన తేదీకి, విడుదల సంవత్సరానికి వేరువేరు గళ్ళు ఉండాలి. మొదటిది వ్యాఖ్యానానికి పనికొస్తుంది, రెండోది కాపీరైటు లెక్కకు. రెండూ ఒకే గడిలో రాస్తే ఆరు నెలల తర్వాత ఏది ఏదో ఎవరికీ గుర్తుండదు.

ఫైలు పేరులో మన నంబరు మొట్టమొదట రావాలి. తర్వాత సంస్థ పొట్టి పేరు, వాళ్ళ నంబరు, చివర అది స్క్రీనరో (చూసుకోవడానికి ఇచ్చే తక్కువ నాణ్యత కాపీ) మాస్టరో (పూర్తి నాణ్యత ఫైలు). పేర్లు ఇంగ్లిషు అక్షరాల్లో, మధ్యలో ఖాళీలు లేకుండా పెట్టండి. తెలుగులో పెట్టిన ఫైలు పేర్లు కొన్ని సాఫ్ట్‌వేర్లలో ఈడీఎల్ (టైమ్‌లైన్‌లోని షాట్ల జాబితా) తీసేసరికి వరసగా ప్రశ్నార్థకాలై కూర్చుంటాయి. 'నెహ్రూ ఫైనల్ కొత్తది' లాంటి పేరున్న ఫైలు ఏదైనా హార్డ్ డిస్కులో కనిపిస్తే, దాని పుట్టుపూర్వోత్తరాలు తేలేదాకా టైమ్‌లైన్ దరిదాపులకు రానివ్వకండి.

ఎక్కడ వెతకాలి, ఏ పేరుతో వెతకాలి

స్వాతంత్ర్యం తర్వాతి న్యూస్‌రీళ్ళకు (సినిమా హాళ్ళలో వేసిన వార్తాచిత్రాలకు), ప్రభుత్వ డాక్యుమెంటరీలకు మొదటి చోటు ఫిల్మ్స్ డివిజన్ సేకరణ. 1948లో మొదలైన ఆ సంస్థ, 1964లో పుణెలో ఏర్పడ్డ జాతీయ ఫిల్మ్ ఆర్కైవ్, రెండూ 2022లో ఎన్ఎఫ్‌డీసీలో (జాతీయ చలనచిత్ర అభివృద్ధి సంస్థలో) కలిశాయి కాబట్టి ఇప్పుడు దరఖాస్తు అక్కడికే వెళ్ళాలి. పుణె ఆర్కైవ్‌లో ప్రింటు ఉన్నంతమాత్రాన హక్కు కూడా ఆర్కైవ్‌దే అనుకోకూడదు. ఫీచర్ ఫిల్మ్ అయితే నిర్మాత అనుమతి పత్రం మీరే తెచ్చుకోవాలి. టీవీ ఫుటేజీకి ప్రసారభారతి ఆర్కైవ్స్, దూరదర్శన్ కేంద్రాల లైబ్రరీలు. విదేశీ న్యూస్‌రీళ్ళకు బ్రిటిష్ పాథే, రాయిటర్స్, అసోసియేటెడ్ ప్రెస్ ఆర్కైవ్ (బ్రిటిష్ మూవీటోన్ సేకరణ ఇక్కడే దొరుకుతుంది), రెండో ప్రపంచయుద్ధ కాలానికి లండన్‌లోని ఇంపీరియల్ వార్ మ్యూజియమ్స్.

ఇంగ్లిషు క్యాటలాగుల్లో మన ఊళ్ళు ఇప్పటి పేర్లతో దొరకవు. విజయవాడ కోసం బెజవాడ, విశాఖ కోసం వైజాగపటం, వాల్తేరు, మచిలీపట్నం కోసం మసూలిపటం, కాకినాడ కోసం కొకనాడ, కడప కోసం కుడ్డపా, కృష్ణా నది కోసం కిస్ట్నా అని పాత ఇంగ్లిషు స్పెల్లింగులు ఒక్కొక్కటీ కొట్టి చూడాలి. 1953 అక్టోబరు 1న ఆంధ్ర రాష్ట్రం ఏర్పడేదాకా కోస్తా, రాయలసీమ వార్తలు మద్రాసు కిందే ఉంటాయి. తెలంగాణవి 1956 దాకా హైదరాబాద్ స్టేట్ కింద, కొన్నిచోట్ల దక్కన్ కింద ఉంటాయి. హైదరాబాద్ అని కొడితే సింధ్‌లోని హైదరాబాద్ కూడా వస్తుంది, దాన్ని చార్మినార్ నగరంగా వాడేసే ప్రమాదం నిజంగానే ఉంది. ఊరి పేరుతో ఏమీ రాకపోతే సంఘటనతో వెతకండి: తుపాను, ఆనకట్ట, శంకుస్థాపన, కరువు, రైలు ప్రమాదం. న్యూస్‌రీలులో ఏడెనిమిది అంశాలుంటాయి, క్యాటలాగు శీర్షిక మాత్రం మొదటి అంశానిదే అయ్యుండొచ్చు. అందువల్ల ఆ వారం రీలు మొత్తం చూడక తప్పదు.

సంస్థల బయట దొరికేది కూడా తక్కువేమీ కాదు. ఎనభైలు, తొంభైల్లో పెళ్ళి వీడియోలు తీసిన స్టూడియోల వీహెచ్ఎస్ క్యాసెట్లు, పార్టీ ఆఫీసుల బీరువాలు, కాలేజీల స్వర్ణోత్సవాల రికార్డింగులు, అమెరికా వెళ్ళిన తొలితరం తెలుగు కుటుంబాల 8 మి.మీ. రీళ్ళు. వీధి ఎలా ఉండేది, జనం ఏం కట్టుకునేవాళ్ళు, అంగట్లో ఏం వేలాడేది అన్న వివరాలకు న్యూస్‌రీలు కంటే ఇవే నయం. ఇలాంటివి తీసుకునేటప్పుడు క్యాసెట్ ఇచ్చినాయన సంతకం ఒక్కటే సరిపోదు. డబ్బు తీసుకుని వీడియో తీసిన స్టూడియోతో పెళ్ళివారికి ఏం ఒప్పందం ఉందో అడిగి, వీలైతే ఇద్దరి దగ్గరా కాగితం రాయించుకోండి.

క్యాటలాగు చెప్పిందల్లా నిజం కాదు

న్యూస్‌రీళ్ళలో పాత షాట్లు మళ్ళీ మళ్ళీ వాడుకోవడం మామూలే. ఒక ఏడాది వరదకు ముందేడాది వరద షాట్లు అతికేవారు. కాబట్టి షాటులోని సాక్ష్యం మీరే చదవాలి.

గోడ మీద సినిమా పోస్టరుంటే ఆ సినిమా విడుదల సంవత్సరం తెలిస్తే చాలు, షాటు అంతకు చాలాకాలం ముందుదయ్యే వీల్లేదు. రోడ్డు మీద మారుతి 800 కనిపిస్తే 1983 డిసెంబరుకు ముందుది కాదు. నంబరు ప్లేటు మీద ఏపీ అక్షరాలు, జిల్లా అంకె ఉన్న పద్ధతి 1989లో వచ్చింది. టీఎస్ అని ఉంటే 2014 తర్వాతది, టీజీ అని ఉంటే 2024 తర్వాతది. హుస్సేన్‌సాగర్ మధ్యలో బుద్ధుడు నిలబడి ఉంటే ఆ షాటు 1992 డిసెంబరు తర్వాతిదే. ఎనభైల రాజకీయాల మీద చేసిన కార్యక్రమంలో ఆ విగ్రహం వెనకాల మెరిస్తే మొదటి ఫోను హైదరాబాద్ ప్రేక్షకుడి నుంచే వస్తుంది. విజయవాడ దగ్గర ప్రకాశం బ్యారేజి 1957లో పూర్తయింది. అంతకు ముందు షాటులో ఉండాల్సింది పాత ఆనకట్ట.

బొమ్మ కుడిఎడమలైందేమో కూడా చూడాలి. ఫిల్మ్ తిరగేసి స్కాన్ చేస్తే అద్దంలో చూసినట్టు వస్తుంది. బోర్డులు ఉంటే వెంటనే పట్టుబడుతుంది. లేనప్పుడు గుంపులో ఆడవాళ్ళ పమిట చూడండి. అందరికీ కుడి భుజం మీదే ఉందంటే, తినేవాళ్ళంతా ఎడమ చేత్తో తింటున్నారంటే, రీలు తిరగబడ్డట్టే. ఒకరిద్దరిని చూసి నిర్ణయించకండి. కుడివైపు పమిట వేసే కట్టులు కూడా ఉన్నాయి.

అసలు రీలు చేతికొస్తే అంచులు చూడండి. కోడాక్ ఫిల్మ్ అంచున వృత్తం, చతురస్రం, త్రిభుజం గుర్తుల కలయిక ముడి ఫిల్మ్ తయారైన ఏడాదిని చెబుతుంది. 20 ఏళ్ళకోసారి అవే గుర్తులు తిరిగొస్తాయి కాబట్టి 1947, 1967లలో ఏదో తేల్చుకోవడానికి షాటులోని వస్తువులే దిక్కు.

తేదీ, చోటు తేలని షాటును ఫలానా సంఘటనగా చూపించకూడదు. 1977 నవంబరు 19 నాటి దివిసీమ ఉప్పెన గురించి చెబుతూ 1990 మే నెల తుపానుదో, 1996 కోనసీమ తుపానుదో రంగు తీసేసి నలుపు తెలుపులో పెడితే అది అలంకారం కాదు, అబద్ధం. ఆ షాటు తప్పనిసరైతే తెర మీద 'దృశ్యం: 1990' అని వేయండి. అది కూడా చివరి టైటిళ్ళలో కాకుండా షాటు నడుస్తున్నప్పుడే.

హక్కుల లెక్క

యూట్యూబ్‌లో కనిపించేదంతా ఉచితం కాదు. బ్రిటిష్ పాథే 2014లో సుమారు 85,000 చిత్రాలను యూట్యూబ్‌లో పెట్టింది. అవి చూడటానికి మాత్రమే. వాడుకోవాలంటే మళ్ళీ లైసెన్సు కావాలి. 'పది సెకన్ల లోపు వాడితే ఏమీ కాదు' అనే మాట ఎడిట్ సూట్లలో ఎంత గట్టిగా వినిపించినా చట్టంలో ఎక్కడా లేదు. 1957 కాపీరైటు చట్టం 52వ సెక్షన్ విమర్శకు, సమీక్షకు, వర్తమాన సంఘటనల వార్తలకు న్యాయమైన వాడకాన్ని ఒప్పుకుంటుంది. సెకన్ల కొలత పెట్టలేదు. ఒక పాత సినిమా షాటు చూపిస్తూ దాని గురించే మాట్లాడటం వేరు, అదే షాటును ఆనాటి పల్లెటూరికి నమూనాగా వాడుకోవడం వేరు. రెండోదానికి అనుమతి తీసుకోండి.

మన దేశంలో చలనచిత్రానికి రక్షణ, విడుదలైన సంవత్సరం తర్వాతి జనవరి 1 నుంచి 60 ఏళ్ళు. ప్రభుత్వ నిర్మాణాలకూ ఇదే లెక్క. నాగార్జునసాగర్‌కు నెహ్రూ శంకుస్థాపన చేసింది 1955 డిసెంబరు 10న. ఆ దృశ్యమున్న న్యూస్‌రీలు అదే నెలలో విడుదలైందనుకుంటే 1956 జనవరి 1 నుంచి లెక్కపెట్టాలి. రక్షణ 2015 డిసెంబరు 31తో ముగిసింది. 1956 జనవరిలో విడుదలైతే ఇంకో ఏడాది కలుస్తుంది. విడుదల సంవత్సరానికి వేరే గడి కావాలన్నది ఇందుకే.

రక్షణ ముగిసినా రెండు సంగతులు మిగిలి ఉంటాయి. మంచి స్కాను ఆర్కైవ్ దగ్గరే ఉంటుంది కాబట్టి కాపీ ఖర్చు, సేవా రుసుము వాళ్ళడుగుతారు. రెండోది అమెరికా. 1996 జనవరి 1 నాటికి మన దేశంలో రక్షణలో ఉన్న చిత్రాలకు అక్కడ విడుదల నుంచి 95 ఏళ్ళ లెక్క వర్తిస్తుంది. అంటే అదే 1955 న్యూస్‌రీలుకు అక్కడ 2050 చివరిదాకా రక్షణ. తెలుగు డాక్యుమెంటరీ ఓటీటీకి వెళ్తే డల్లాస్‌లోనూ న్యూజెర్సీలోనూ చూస్తారు. 'మన దగ్గర ఫ్రీ' అన్న ఒక్క మాట పట్టుకుని ప్రపంచ హక్కుల ఒప్పందం మీద సంతకం చేయకండి.

లైసెన్సు పత్రంలో ఐదు విషయాలు అక్షరాలా రాసి ఉండాలి: ఎన్ని సెకన్లు, ఏ మాధ్యమాలు (టీవీ, ఓటీటీ, థియేటర్, ఫెస్టివల్, సోషల్ మీడియా, ట్రైలర్), ఏ ప్రాంతాలు, ఎన్నేళ్ళు, క్రెడిట్ ఎలా వేయాలి. ఏళ్ళు రాయకపోతే చట్టం దాన్ని ఐదేళ్ళుగా, ప్రాంతం రాయకపోతే భారతదేశం వరకే అని లెక్కిస్తుంది. ట్రైలర్ సంగతి చాలామంది మరిచిపోతారు. సినిమాలో వాడుకోమని ఇచ్చిన అనుమతి ప్రచారానికి ఆటోమేటిగ్గా రాదు.

ఫీచర్ ఫిల్మ్ ముక్కలో పాట ఉంటే నిర్మాతతో పాటు మ్యూజిక్ కంపెనీతోనూ మాట్లాడాలి. 2012 సవరణ తర్వాత రచయిత, స్వరకర్తల రాయల్టీ కూడా లెక్కలోకి వస్తుంది. న్యూస్‌రీలు వెనక మోగే వాద్యసంగీతం కూడా ఎవరిదో ఒకరిదే. అందుకే వీలైనప్పుడల్లా మ్యూట్ (శబ్దం లేని కాపీ) అడగండి.

డబ్బు లెక్కలో బోల్తా కొట్టించేది కనీస వ్యవధి. ఒక సంస్థ సెకనుకు ఇంత అని చెప్పి, చిన్న అక్షరాల్లో 'క్లిప్‌కి కనీసం 10 సెకన్లు' అంటుంది. వాళ్ళ ఏడు క్లిప్పుల నుంచి మూడేసి సెకన్లు వాడితే తెర మీద 21 సెకన్లు, బిల్లు 70 సెకన్లకు. అదే 21 సెకన్లు రెండు క్లిప్పుల్లోంచి ఏరుకుంటే ఖర్చు మూడోవంతుకు దిగొస్తుంది. మాంటేజ్ కట్ చేస్తున్న ఎడిటర్‌కి ఈ షరతు రఫ్ కట్‌కు ముందే తెలియాలి. విదేశీ సంస్థకు చెల్లించాలంటే టీడీఎస్, బ్యాంకు పత్రాలు ఉంటాయి. డెలివరీకి వారం ముందు ఆడిటర్‌ని పిలిస్తే పని కాదు. యూట్యూబ్‌లో వేసేదైతే మీ ఛానల్‌ను కంటెంట్ ఐడీ (హక్కులున్న క్లిప్‌లను యూట్యూబ్ తనంతట తానే పట్టే వ్యవస్థ) నుంచి మినహాయించమని లైసెన్సు మాటల్లోనే అడిగి రాయించుకోండి. లేకపోతే డబ్బు కట్టిన క్లిప్ మీదే క్లెయిము పడుతుంది.

క్యాసెట్, రీలు చేతికొచ్చినప్పుడు

క్యాసెట్ రాగానే మొదట చేయాల్సింది రికార్డింగ్ అడ్డుకోవడం. వీహెచ్ఎస్‌కి వెనక ఉన్న ప్లాస్టిక్ ట్యాబ్ విరచాలి. మినీ డీవీకి స్లైడర్ సేవ్ వైపు జరపాలి. బీటాక్యామ్‌కు ఎర్ర ట్యాబ్ లోపలికి నొక్కాలి. ఆ తర్వాత క్యాసెట్ కిటికీలోంచి టార్చి వేసి చూడండి. టేపు చుట్ట మీద తెల్లని పొడో, సాలెగూడు లాంటి చారలో కనిపిస్తే అది బూజు. సముద్రతీరపు జిల్లాల్లో బీరువాల్లో ఉన్న క్యాసెట్లకు ఇది సర్వసాధారణం. దాన్ని మిషన్లో పెట్టారంటే హెడ్డు పాడవడమే కాదు, తర్వాత పెట్టే ప్రతి క్యాసెట్‌కీ బూజు అంటుకుంటుంది. శుభ్రం చేసే ల్యాబుకు పంపండి.

బూజు లేని టేపును ప్లే చేసేముందు చివరిదాకా ఫార్వర్డ్ చేసి, మళ్ళీ మొదటికి రివైండ్ చేయాలి. ఏళ్ళ తరబడి ఒకే స్థితిలో ఉన్న చుట్ట బిగువు సమానమవుతుంది. మొదటి ప్లేబ్యాక్‌నే రికార్డు చేయండి, రెండోసారి ఆడుతుందన్న నమ్మకం లేదు. మిషన్లోంచి కీచుమని శబ్దం వస్తే, బొమ్మ ఉన్నట్టుండి మసకబారితే వెంటనే ఆపాలి. టేపు మీది జిగురు తేమను పీల్చి బంకగా మారిందన్నమాట. ల్యాబులు ఇలాంటి టేపును 50 డిగ్రీల సెల్సియస్‌కు కాస్త పైన, నియంత్రిత వేడిలో గంటల తరబడి ఉంచి, కొద్దిరోజులపాటు ఆడేలా చేస్తాయి. ఇంట్లో ఓవెన్‌తో ఈ ప్రయోగం వద్దు.

ప్లేయర్ నుంచి తీసుకునే తీగ కూడా ముఖ్యమే. బీటాక్యామ్ ఎస్పీకి కాంపొనెంట్, ఎస్-వీహెచ్ఎస్ మిషన్‌కి ఎస్-వీడియో వాడాలి. పసుపు రంగు కాంపోజిట్ తీగ చివరి గతి. మధ్యలో టైమ్ బేస్ కరెక్టర్ ఉండాలి, లేకపోతే నిలువు గీతలు వంకర్లు పోతాయి, ఫ్రేములు జారిపోతాయి. పాల్ (మన పాత టీవీ ప్రమాణం) టేపును 10 బిట్ అన్‌కంప్రెస్డ్‌గా తీసుకుంటే గంటకు దాదాపు 100 జీబీ. ఎఫ్ఎఫ్‌వీ1 లాంటి లాస్‌లెస్ కోడెక్‌లో అది సుమారు సగమవుతుంది, నాణ్యత పోదు. శబ్దం రెండు ఛానళ్ళనూ విడివిడిగా ఉంచండి. పాత ఇంటర్వ్యూల్లో ఒక ఛానల్‌లో కాలర్ మైకు, రెండోదాంట్లో కెమెరా మైకు ఉంటాయి. రెండూ కలిపి మోనో చేస్తే గొంతు డబ్బాలోంచి వచ్చినట్టుంటుంది.

ఫిల్మ్ సంగతికొస్తే డబ్బా మూత తీయగానే ముక్కే మొదటి పరికరం. వెనిగర్ వాసన వస్తే అసిటేట్ ఆధారం కుళ్ళడం మొదలైంది. ఆ డబ్బాను మిగతావాటి నుంచి వేరు చేసి, స్కానింగు వరసలో ముందుకు తేవాలి. 1951కి ముందటి 35 మి.మీ. రీలు అంచున సేఫ్టీ అని లేకపోతే నైట్రేట్‌గానే భావించండి. అది తేలిగ్గా అంటుకుంటుంది, అంటుకుంటే ఆర్పడం కష్టం. 2003 జనవరిలో పుణెలో జరిగిన అగ్నిప్రమాదంలో జాతీయ ఆర్కైవ్‌కు చెందిన నైట్రేట్ రీళ్ళు కాలిపోయాయి. నైట్రేట్‌ను ఆఫీసులో ఉంచకండి, మామూలు కొరియర్‌లో పంపకండి. ఆర్కైవ్‌కు ఫోన్ చేసి వాళ్ళ పద్ధతిలో అప్పగించండి.

రీలు పొడవును బట్టి ఖర్చు అంచనా వేయొచ్చు. 24 ఫ్రేముల వేగంతో 35 మి.మీ. నిమిషానికి 90 అడుగులు, 16 మి.మీ. నిమిషానికి 36 అడుగులు. 400 అడుగుల 16 మి.మీ. డబ్బా అంటే దాదాపు 11 నిమిషాలు. 16 మి.మీ.కి 2కే స్కాన్ సాధారణంగా సరిపోతుంది, 35 మి.మీ. నెగటివ్ అయితే 4కే అడగండి. ఫిల్మ్ ముడుచుకుపోయి ఉంటే పళ్ళచక్రాల మిషన్లో రంధ్రాలు చిరిగిపోతాయి. స్ప్రాకెట్ లేని స్కానర్ ఉన్న ల్యాబు వెతకాలి. స్కాను చదునైన లాగ్ రంగుల్లో (కాంట్రాస్ట్ తక్కువగా, వెలుగునీడల వివరాలన్నీ నిలిచేలా) తీసుకోండి. ల్యాబువాళ్ళు ముందే కాంట్రాస్ట్ పెంచి ఇస్తే తెల్ల పంచెల్లో మడతలు పోతాయి, వాటిని కలరిస్ట్ వెనక్కి తేలేరు.

ఫ్రేములు, ఫీల్డులు

పాత ఫుటేజీ తెర మీద చవకగా కనబడటానికి ఎక్కువసార్లు కారణం దాని వయసు కాదు, మనం చేసిన మార్పిడి.

పాల్ వీడియో సెకనుకు 25 ఫ్రేములు, ఒక్కో ఫ్రేములో రెండు ఫీల్డులు. సరి గీతలు ఒక క్షణానివి, బేసి గీతలు సెకనులో 50వ వంతు తర్వాతి క్షణానివి. కదిలే చెయ్యి అంచున దువ్వెన పళ్ళలా కనిపిస్తే ఫీల్డులు విడదీయలేదని అర్థం. వరస ఇలా ఉండాలి: ముందు డీఇంటర్‌లేస్ (ఫీల్డులు విడదీయడం), తర్వాత మచ్చలు, గ్రెయిన్ శుభ్రం, ఆ తర్వాత అంచుల క్రాప్, చివర్లో పెద్దది చేయడం. ముందే పెద్దది చేస్తే సరి, బేసి గీతలు కలిసి ముద్దవుతాయి, ఆ తర్వాత ఏ సాఫ్ట్‌వేరూ వాటిని విడదీయలేదు. ప్రీమియర్, రిజాల్వ్ లాంటి ఎడిటింగ్ సాఫ్ట్‌వేర్లలో ఉన్న డీఇంటర్‌లేస్ తొందర పనికి సరే. ముఖ్యమైన షాట్లకు క్యూటీజీఎంసీ అనే డీఇంటర్‌లేస్ స్క్రిప్టు మేలు. అది 50 ఫ్రేములు ఇస్తుంది, 25 కావాలంటే ఒకటి విడిచి ఒకటి తీసుకోవచ్చు.

ఫీల్డుల క్రమం తప్పితే కదలిక రెండడుగులు ముందుకు, ఒకడుగు వెనక్కి వేస్తుంది. బీటాక్యామ్ టేపుల నుంచి వచ్చినదానికి పై ఫీల్డు ముందు, డీవీకి కింది ఫీల్డు ముందు. ఫైలు తనను తాను ఏమని చెప్పుకున్నా, నడిచే మనిషి ఉన్న షాటును ఫీల్డు ఫీల్డుగా జరిపి కళ్ళతో చూసి తేల్చుకోండి.

720×576 ఫైలును అలాగే తెర మీద పెడితే మనుషులు సన్నగా, పొడుగ్గా కనిపిస్తారు. 4:3కి దాన్ని 768×576గా భావించి, హెచ్‌డీలో 1440×1080 చేయాలి. పక్కల 240 పిక్సెళ్ళ చొప్పున నల్లగా వదిలేయండి. తెర నిండాలని 16:9కి కత్తిరిస్తే ఎత్తులో పావు వంతు పోతుంది. సభ షాటులో బ్యానరో, వరద షాటులో నీటిమట్టమో ఎగిరిపోతుంది. కత్తిరించడమే దర్శకుడి నిర్ణయమైతే షాటు షాటుకీ ఎక్కడ కత్తిరించాలో చూసి చేయండి, మధ్యలోంచి గంపగుత్తగా వద్దు. సాగదీయడం మాత్రం ఎట్టి పరిస్థితిలోనూ కుదరదు. అంబాసిడర్ చక్రాలు కోడిగుడ్లవుతాయి. రంగులను ఎస్‌డీ (హెచ్‌డీకి ముందటి వీడియో) ప్రమాణమైన రెక్ 601 నుంచి హెచ్‌డీ ప్రమాణమైన రెక్ 709కి మార్చడం మరిచిపోతే ఒంటి ఛాయలు కొద్దిగా తప్పుతాయి. పక్కపక్కన పెట్టి చూస్తే తప్ప తెలియదు కాబట్టే ఈ తప్పు ప్రసారందాకా వెళ్తుంది.

పాల్ డీవీడీలో ఉన్న పాత తెలుగు సినిమా దాదాపు 4 శాతం వేగంగా నడుస్తుంది, ఎందుకంటే 24 ఫ్రేముల ఫిల్మ్‌ను 25గా ఆడించారు. పాట శ్రుతి అర స్వరానికి (సెమీటోన్‌కు) కాస్త తక్కువగా పెరుగుతుంది. ప్రాజెక్టు 24 ఫ్రేములదైతే వేగం తగ్గించి మొదటి స్థితికి తేవాలి. అమెరికా నుంచి వచ్చిన 29.97 ఫైలులో ప్రతి ఐదు ఫ్రేములకు రెండు కలగాపులగంగా ఉంటే, దాన్ని డీఇంటర్‌లేస్ చేయకండి. ఇన్‌వర్స్ టెలిసినీ చేస్తే అసలు 23.976 ఫ్రేములు చెక్కుచెదరకుండా బయటికొస్తాయి.

మూకీ ఫుటేజీ, ఇళ్ళలో తీసిన 8 మి.మీ. ఎక్కువగా సెకనుకు 16 నుంచి 18 ఫ్రేముల మధ్య ఉంటాయి. 24లో ఆడిస్తే గాంధీజీ పరుగెడతారు. 16ను 24 చేయాలంటే ప్రతి రెండు ఫ్రేములకు మూడు, 18ని చేయాలంటే ప్రతి మూడింటికి నాలుగు వచ్చేలా ఫ్రేము పునరావృతం చేయాలి. 25 ప్రాజెక్టులో రెండుకు మూడు లెక్క 16.67 వేగాన్నిస్తుంది, తేడా కంటికి తెలియదు. ఆప్టికల్ ఫ్లోతో మధ్య ఫ్రేములు పుట్టిస్తే గుంపులో చేతులు, గాల్లో ఎగిరే జెండా అంచులు కరిగిపోతాయి.

శబ్దం, మరమ్మతు, ఏఐ

టేపు శబ్దంలో 50 హెర్ట్జ్ హమ్, దాని గుణిజాలు 100, 150 ఉంటాయి. సన్నని నాచ్ ఫిల్టర్లతో తీయండి. మొత్తం బాస్ కోసేస్తే గొంతు పలచబడుతుంది. మూకీ షాటుకు చప్పట్లు, జనం హోరు కలిపితే అది మీరు చేసిన శబ్దం. వాతావరణానికి పర్వాలేదు, నినాదాలు మాత్రం కలపకండి. ఫలానా రోజు జనం ఫలానా మాట అన్నారన్న సాక్ష్యం అక్కడ లేదు.

ఏఐతో రిజల్యూషన్ పెంచే సాఫ్ట్‌వేర్లు గోడలకు, చెట్లకు బాగానే పనిచేస్తాయి. మొహాల దగ్గర లేని కళ్ళు, పళ్ళు కల్పిస్తాయి. చిన్నగా కనిపించే తెలుగు బోర్డుల మీద వాటి పనితనం మరీ ఘోరం: వత్తులు, గుడులు కలిసి ఏ లిపికీ చెందని గీతలవుతాయి. అందుకే షాటులో మొహాలు, అక్షరాలు ఉన్న భాగానికి మాస్క్ వేసి మామూలు స్కేలింగ్ వాడండి. నలుపు తెలుపుకు రంగులద్దితే ఆ సంగతి తెర మీద చెప్పాలి, హక్కుదారు అనుమతి కూడా ఉండాలి. చాలా లైసెన్సులు మార్పులను విడిగా నిషేధిస్తాయి.

లాక్ తర్వాత

ఎడిట్‌లో ఆర్కైవ్ షాట్లకు ఒక ట్రాక్ కేటాయించండి. స్క్రీనర్ల మీద వాటర్‌మార్కు, టైమ్‌కోడ్ కనిపించేలా ఉండనివ్వండి. వాటిని కత్తిరించి దాచేస్తే మాస్టర్‌తో సరిపోల్చుకోవడానికి ఆధారం పోతుంది. స్క్రీన్ రికార్డింగ్, వాట్సాప్‌లో వచ్చిన క్లిప్ టైమ్‌లైన్‌లోకి రాకూడదు. వాటికి టైమ్‌కోడ్ ఉండదు.

లాక్ అయ్యాక ఆ ట్రాక్ ఈడీఎల్ తీసి, సంస్థలవారీగా సెకన్లు కూడండి. ఫ్రీజ్ ఫ్రేము, స్ప్లిట్ స్క్రీన్, స్లో మోషన్‌లను ఎలా లెక్కిస్తారో ఒక్కో సంస్థ నియమం చూసుకోవాలి. మాస్టర్లు ఆర్డర్ చేసేటప్పుడు షాటుకు రెండువైపులా కనీసం 25 ఫ్రేములు అదనంగా అడగండి. లేకపోతే చివరి నిమిషంలో డిజాల్వ్ పెట్టడానికి జాగా ఉండదు. మాస్టర్ రాగానే స్క్రీనర్‌ను సగం పారదర్శకత పెట్టి దాని మీద వేసి చూడండి. ఒక ఫ్రేము అటూఇటూ జరిగినా వెంటనే తెలుస్తుంది. కొన్ని సంస్థలు మాస్టర్‌ను వేరే స్కాను నుంచి ఇస్తాయి కాబట్టి టైమ్‌కోడ్ కలిసినా బొమ్మ కలవకపోవచ్చు. హెచ్‌డీ 25 ఫ్రేముల ప్రోరెస్ 422 హెచ్‌క్యూ (మాస్టర్లకు వాడే ఫైలు రకం) గంటకు దాదాపు 83 జీబీ, డిస్కు ముందే సిద్ధం చేసుకోండి. వచ్చిన ప్రతి ఫైలుకూ ఎండీ5 చెక్‌సమ్ (ఫైలు మారలేదని సరిచూసే గుర్తు) తీసి లాగ్‌షీటులో రాయండి, రెండు డిస్కుల్లో ఉంచండి, మూడో కాపీ వేరే ఊళ్ళో ఉంటే మంచిది.

ఛానల్‌కో ఓటీటీకో పంపేటప్పుడు 'మూలంలోనే ఉన్న లోపాలు' అని ఒక జాబితా జతచేయండి: ప్రోగ్రామ్ టైమ్‌కోడ్, లోపం ఏమిటి, మూల మాధ్యమం ఏది. అది లేకపోతే క్యూసీ (నాణ్యత తనిఖీ) వాళ్ళు 1955 నాటి గీతలను ఎర్రర్‌గా కొట్టి ఫైలును తిప్పి పంపుతారు. హెచ్‌డీ కాని ఫుటేజీ ఎంత శాతం ఒప్పుకుంటారో కూడా స్క్రిప్టు దశలోనే కనుక్కోండి.

లైసెన్సు గడువులను లాగ్‌షీటులోంచి తీసి క్యాలెండర్‌లో ఎక్కించండి, గడువుకు ఆరు నెలల ముందు గుర్తుచేసేలా. ఐదేళ్ళ తర్వాత నిర్మాణ సంస్థలో అప్పటి మనుషులు ఉండకపోవచ్చు. ఏ షాటుకు బదులు ఏది పెట్టొచ్చో, టైటిళ్ళు, పేర్లు లేని ప్రోగ్రామ్ మాస్టర్ ఎక్కడుందో అదే ఫోల్డర్‌లో రాసి పెట్టండి. రేటు కుదరకపోతే ఆ నాలుగు సెకన్లు మార్చి మళ్ళీ పంపడానికి అవి కావాలి.